నాలుక చేప

మా బనగానపల్లెలో చేప అంటే మంచినీళ్ళ చేపే. ఆదివారం పొద్దున అవుకు రిజర్వాయరు వైపునుంచి రవ్వ, బొచ్చె వస్తాయి. అదృష్టం బాగుంటే కొరమీను వస్తుంది. ఆ మూడు పేర్లతో మా వూరి మత్స్యశాస్త్రం సమాప్తం. సముద్రం మాకు తూర్పున 200 కిలోమీటర్లకు పై మాట. నల్లమల దాటాలి, వెలిగొండలు దాటాలి. మా వీధిలో పెద్దవాళ్ళలో సముద్రాన్ని చూసినవాళ్ళను లెక్క పెడితే రామేశ్వరం యాత్ర చేసినవాళ్ళు నలుగురు, తిరుపతినుంచి మద్రాసు దాకా పోయివచ్చినవాళ్ళు పదిమంది, హజ్ యాత్రకు పోతూ విమానంలోనుంచి కిందికి చూసినవాళ్ళు కొందరు. అంతే.

అటువంటి వూళ్ళో కూర్చుని, అందులోనూ తెలుగు పాఠాలు చెప్పుకుని బ్రతికే నేను, సముద్రపు అడుగున బురదలో పడుకునే వొక చేపను గురించి రాయబూనడమేమిటని మీకు తోచవచ్చు. దానికి కారణం మా పెద్దమ్మాయి. ఇంటర్మీడియెట్ కాగానే దానికి నెల్లూరు జిల్లా ముత్తుకూరులోని మత్స్యశాస్త్ర కళాశాలలో సీటు వచ్చింది. డాక్టరు చదువుకు మార్కులు చాలక తప్పనిసరై పోయిందనుకునేరు, కాదు. అది కోరుకున్నదే అది. ఎనిమిదో తరగతిలో వున్నప్పటినుంచీ దానికి నీళ్ళలో కదిలేవాటిమీదే ధ్యాస.

యింట్లో యీ వార్త చెప్పిన రోజు మా అమ్మ వక్కాకు నోట్లో వేసుకోబోతూ ఆగిపోయింది. "ఏమిరా, ఆడబిడ్డను అంత దూరం పంపేది చేపలు తోమేదానికా? ఆ పని నేనిక్కడ నేర్పిస్తా లే, ఫీజు గూడా అక్కరలేదు" అన్నది. మా ఆవిడ పైకేమీ అనలేదు గాని, "వ్యవసాయమన్నా రాకపోయెనే" అని రెండుమూడుసార్లు గిన్నెలతో చెప్పుకున్నది. అమ్మాయి మాత్రం, "అవ్వా, చేపలు తోమేది కాదే, చేపలను చదివేది" అని సంచీ సర్దుకున్నది. "చదివేదానికేముంది అందులో! పులుసు పెట్టుకునేదే గానీ" అని మా అమ్మ తీర్పు.

యీ తీర్పుకు బలం చేకూర్చే సంఘటన రెండేళ్ళ తర్వాత జరిగింది. తెలిసినవాళ్ళ ద్వారా వొక మంచి సంబంధం వచ్చింది. కుర్రవాడు బెంగుళూరులో ఉద్యోగం, కుటుంబం మర్యాదస్తులు. మాటలు సాఫీగానే సాగినై. "అమ్మాయి యేం చదువుతూ వున్నది?" అని అడిగారు పెళ్ళికొడుకు తండ్రిగారు. "మత్స్యశాస్త్రమండీ" అన్నాను. ఆయన కాసేపు పైన తిరిగే పంకా వైపు చూశారు. "మంచిదే... కానీ..." అన్నారు. ఆ 'కానీ' తర్వాత మళ్ళీ వాళ్ళ వద్దనుంచి కబురు లేదు. మా అమ్మ రెండు రోజులు నాతో మాట్లాడలేదు. మూడో రోజు మాట్లాడింది; మాట్లాడకుండా వుంటేనే బాగుండేదని అనిపించింది.

ఆ సంవత్సరం డిసెంబరులో నేను ముత్తుకూరు పోయాను. బిడ్డను చూసినట్టూ వుంటుంది, యింటి సంగతి మెల్లగా చెప్పినట్టూ వుంటుందని. అది నన్ను తెల్లవారుజామున నిద్రలేపి, వాళ్ళ స్నేహితురాళ్ళతోపాటు సముద్రపు వొడ్డున వొక పల్లెకు తీసుకుపోయింది. పడవలు అప్పుడప్పుడే వొడ్డెక్కుతున్నై. ఇసుకమీద చేపలు రాశులు పోసి వున్నై. సన్నటి చలి, దానికి తగ్గ వాసన. మా అమ్మాయి వొక రాశిలో చెయ్యిపెట్టి, గోధుమరంగు మామిడాకులాంటిదాన్ని వొకదాన్ని తీసి నా అరచేతిలో పెట్టింది. జానెడు పొడుగు. మందం లేదు. పక్కలకు కుచ్చెళ్ళు కుట్టినట్టు రెక్క తలనుంచి తోకదాకా పోయి, తోకలో కలిసిపోయి, అవతలి పక్కకు తిరిగి వచ్చింది. తిప్పి చూస్తే అడుగు తెల్లగా, కన్నూ లేదు రంగూ లేదు. మళ్ళీ తిప్పితే చిన్న చిన్న ఆవగింజల్లాంటి రెండు కళ్ళు, రెండూ వొకే పక్కన, దగ్గర దగ్గరగా. నోరు మూలకు వంకరపోయి వున్నది.

"పేరేమిటి నాన్నా, చెప్పుకో చూద్దాం" అన్నది.

నేను నోరు తెరవకముందే రాశి దగ్గర కూర్చున్న అవ్వ జవాబు చెప్పింది. "నాలుక సారూ. తోలు వొలిచి వండుకోవాల. ముల్లు తక్కువ, పసిబిడ్డలకు గూడా పెట్టొచ్చు." అని, వొక చేపను తీసుకుని, తల దగ్గర గోటితో గీరి, తోలు పట్టుకుని వొక్క గుంజు గుంజింది. అరటిపండు తొక్క వచ్చినట్టు వచ్చింది.

ఆ చేప చేతిలో వుండగా మా అమ్మాయి చెప్పిన కథ నేను మరిచిపోలేను. సొంతంగా తర్వాత చదువుకున్నదీ కలిపి మీకు చెబుతాను.

పుట్టినప్పుడు నాలుక చేప అన్ని చేపల్లాంటి చేపే. గుడ్లు నీటిలో తేలుతూ వుంటాయి. వాటిలోంచి వచ్చిన పిల్ల గాజుముక్కలాగా వుంటుంది. అటునుంచి చూస్తే ఇటు కనబడుతుంది. తలకు అటొక కన్ను, ఇటొక కన్ను. వీపు పైకి, పొట్ట కిందికి పెట్టుకుని బుద్ధిమంతురాలిలాగా ఈదుతూ తిరుగుతుంది. కొన్నాళ్ళు యిట్లా గడిచిన తర్వాత, ఇంకా గోరంత వుండగానే, కుడి కన్ను కదలడం మొదలుపెడుతుంది. తలకాయ ఎముకలే మెలి తిరుగుతాయి. కన్ను మెల్లగా నెత్తి దాటి ఎడమ పక్కకు వచ్చి, అక్కడ మొదటినుంచీ కాపురం చేస్తున్న కంటి పక్కన ఆగుతుంది. ఆ రోజుల్లోనే పిల్ల పక్కకు వొరిగి, పైనుంచి నీటి అడుగుకు దిగి, బురదమీద కుడివైపు వొత్తిగిలి పడుకుంటుంది. ఇక బ్రతికినన్నాళ్ళూ ఆ పక్కే దానికి పడక. కన్నున్న పక్కకు రంగు పడుతుంది, పడక పక్క తెల్లగా వుండిపోతుంది. యీ మార్పునంతా నడిపించేది థైరాయిడు గ్రంథి రసం. మన గొంతులో వుండేదీ అదే, తోకకప్పను కప్పగా మార్చేదీ అదే.

దాని నోరు మూలకు వంకరపోయిందన్నాను గదా. అదీ యీ పడక మహిమే. పళ్ళు కూడా బురదవైపు దవడకే వుంటాయి, పై దవడ బోసి. తినే తిండి బురదలో వుండే పురుగులు, చిన్న రొయ్యలు, పసి గవ్వలు. అవన్నీ కిందనే వున్నప్పుడు పైపక్క పళ్ళెందుకు? రొమ్ము రెక్కలు కూడా లేవు, వాటితో పని లేదు గనుక. పక్కల కుచ్చెళ్ళను అలలాగా కదిలించి పాకుతుంది, వొళ్ళు అదిలించి పైన కాస్త బురద చల్లుకుంటుంది, రెండు కళ్ళు మాత్రం బయట పెట్టుకుంటుంది. అడ్డపంట గదిలో దుప్పటి కప్పుకుని పరీక్షలకు చదివే విద్యార్థి అచ్చంగా యిట్లాగే వుంటాడు.

యీ పడక చేపలు ప్రపంచంలో సుమారు 800 రకాలున్నాయి. కొన్నింటికి కళ్ళు కుడికి చేరతాయి, కొన్నింటికి ఎడమకు. మన నాలుక చేపల వంశంలో మాత్రం ఎడమే. అందులో తగువు లేదు.

పేరు దగ్గరికి వస్తాను, నా వృత్తి అది గనుక. యీ చేపను చూసి నాలుక అనుకున్నది మన బెస్తవాళ్ళొక్కరే కాదు. హామిల్టన్ అనే దొర గంగానది చేపలమీద 1822లో పుస్తకం వేస్తూ దీని వంశానికి 'సైనోగ్లాసస్' అని పేరు పెట్టాడు. గ్రీకు భాషలో కుక్క నాలుక అని అర్థం. యింకొక రకానికి 'లింగ్వా' అన్నాడు. అది లాటిను, అర్థం మళ్ళీ నాలుకే. రోమనులు దీని జ్ఞాతిని చెప్పు అన్నారు; 'సోలియా' అంటే పాదరక్ష. ఇంగ్లీషువాడి 'సోల్' అక్కడినుంచి వచ్చిందే. మా కాలేజీలో ఉర్దూ చెప్పే మిత్రుడొకరు దీన్ని విని, ఈజిప్టులో దీని పేరు 'మూసా చేప' అని చెప్పారు. మూసా ప్రవక్త సముద్రాన్ని రెండుగా చీల్చినప్పుడు దారిలో వున్న చేప కూడా నిలువునా రెండు బద్దలైందట; అందుకే వొక పక్క రంగు, వొక పక్క తెలుపు. కథ అల్లినవాడు చేపను తిప్పి చూసినవాడే, సందేహం లేదు.

వీటన్నిటికంటె నాకు ముచ్చట కలిగించినది తమిళం పేరు. నాలుక చేపకు వొక పెద్ద బంధువు వున్నది. రెండడుగుల దాకా పెరుగుతుంది, నోరు పెద్దది, పళ్ళు పదునైనవి, తోటి చేపలను వేటాడి తింటుంది. ఎర్రసముద్రంనుంచి ఆస్ట్రేలియా దాకా తీరప్రాంతాల్లో వుంటుంది, మన కోరమండల్ తీరంలోనూ వుంటుంది. తమిళులు దాన్ని 'ఎరుమై నాక్కు' అంటారు. ఎరుమై అంటే బర్రె, నాక్కు అంటే నాలుక. తరంగంబాడిలో వున్న క్రైస్తవ మతబోధకుడు జాన్ అనే ఆయన అక్కడి చేపలను సారాయిలో ముంచి బెర్లిన్‌లో వున్న బ్లాక్ అనే పండితునికి పంపుతుండేవాడు. బ్లాక్ 1799లో చనిపోయాడు. ఆయన పుస్తకాన్ని ష్నైడర్ అనే ఆయన పూర్తిచేసి 1801లో అచ్చువేశాడు. అందులో యీ చేపకు 'ఎరుమెయి' అని పేరు. అంటే ఏమైందో చూడండి. ఎరుమై నాక్కులో నాక్కు ఎక్కడో సముద్రంలో జారిపోయింది, ఎరుమై వొక్కటే బెర్లిన్ చేరింది. యీనాటికీ ప్రపంచంలోని శాస్త్రజ్ఞులందరూ ఆ చేపను గంభీరంగా బర్రె అనే పిలుస్తున్నారు. మన పల్లెల్లో ఎనుము, ఎనుపగొడ్డు అంటామే, ఆ మాటకు తమిళ ఎరుమై, కన్నడ ఎమ్మె తోబుట్టువులు. ఆ లెక్కన మా రాయలసీమ ఎనుము వొకటి లాటిను పుస్తకాల్లో మేస్తున్నట్టే.

తెలుగు పేర్లు మాత్రం వూరకే వున్నాయా? లేదు. పాట్రిక్ రస్సెల్ అనే స్కాట్లండు వైద్యుడు 1781లో తన తమ్ముడితో కలిసి విశాఖపట్నం వచ్చాడు. ఆయన పేరు చెబితే మీకు తెలియకపోవచ్చు గాని, ఆయన పేరు మోస్తున్న పాము మా చేలల్లో బుడ్డలు పెరికేవాళ్ళందరికీ తెలుసు. రక్తపింజరిని ఇంగ్లీషులో రస్సెల్ పాము అంటారు. ఆయన 1796లో వేసిన పాముల పుస్తకంలో దానికి 'కాటుక రేకుల పొడ' అని మన తెలుగు పేరే రాసుకున్నాడు. అదెంత అందమైన పేరో చూడండి! కరిస్తే ప్రాణం తీసే దానికి కాటుక రేకులు! యీ రస్సెలే విశాఖపట్నంలో బెస్తవాళ్ళు తెచ్చిన 200 చేపలకు బొమ్మలు గీయించి, వాళ్ళ నోటినుంచి విన్న పేర్లు ఇంగ్లీషు అక్షరాల్లో రాసి, 1803లో లండనులో రెండు సంపుటాలు అచ్చువేయించాడు. అందులో వొక పడక చేపకు 'నోరీ నాలక' అని వున్నది. యింకొక పడక చేపకు 'జెర్రీ పోతు' అని వున్నది. మా వైపు జెర్రిపోతు అంటే పాము. విశాఖ తీరాన అది చేప కూడానన్నమాట.

మా అమ్మాయి ఆ పుటలు తన ఫోనులో తీసి చూపించింది. రెండు వందల యేళ్ళకు పూర్వం పేరు తెలియని వొక బెస్తవాడు చెప్పిన మాట, దొర చెవికి ఎక్కినంత ఎక్కి, లండనులో అచ్చుపడి, నెల్లూరు సముద్రపు వొడ్డున నా బిడ్డ అరచేతిలో వెలుగుతున్నది. అక్కడ అవ్వ కూడా అదే మాట అన్నది. రస్సెల్ పుస్తకం సంగతి ఆమెకు తెలియదు, తెలియనక్కరలేదు కూడా.

మరి మన నిఘంటువులో? యింటికి వచ్చి తీసి చూశాను. చేపల పేర్లు వున్నచోటల్లా ఎదురుగా వొకే అర్థం, 'మత్స్యవిశేషము'. చెట్టయితే వృక్షవిశేషము, పిట్టయితే పక్షివిశేషము. విశేషమని చెప్పి విశేషం చెప్పకపోవడం మన పండితులకు పరంపరగా వచ్చిన విద్య. వాళ్ళను తప్పుబట్టి ప్రయోజనం లేదు. కావ్యాలు చదివేవాడికి అంతకంటె అవసరం పడలేదు. కానీ కన్ను యింటినుంచి యింటికి మారే చేపకు, పడకవైపే పళ్ళు పెట్టుకునే చేపకు, ఆ వొక్క మాటతో సరిపెట్టుకోవడం నాకు మింగుడుపడలేదు. నా విద్యార్థులకు పర్యాయపదాలు చెప్పేటప్పుడు యిప్పుడు నేను బోర్డుమీద యీ చేప బొమ్మ వేస్తున్నాను. బొమ్మ కుదరదు, చెప్పు అనుకుంటారు. రోమనులూ అదే అనుకున్నారు గదా.

యీ కన్ను మారే వ్యవహారం డార్విన్ మహాశయుణ్ణి కూడా యిబ్బంది పెట్టింది. జీవులు కొంచెం కొంచెంగా మారుతూ వస్తాయని ఆయన అన్నాడు. మైవార్ట్ అనే ఆయన 1871లో దానికి అడ్డు ప్రశ్న వేశాడు. సరేనయ్యా, కన్ను పూర్తిగా యివతలికి వస్తే లాభమే. సగం దారిలో వున్న కన్నుతో చేపకు యేం లాభం? అది బురదలోకే చూస్తుంది గదా? ప్రశ్న మంచిదే. డార్విన్ 1872లో తన గ్రంథం ఆరో కూర్పులో దీనికి సమాధానం రాశాడు. పక్కకు వొరిగిన పసి చేపలు కింది కంటిని పైకి చూడడానికి బలవంతంగా తిప్పుతుంటాయనీ, మెత్తని ఎముకలు ఆ వొత్తిడికి వొంగుతాయనీ వొక స్వీడను పండితుడు చూసినది ఆధారం చేసుకున్నాడు. కానీ సగం దారి కన్నున్న చేపను యెవరూ చూపించలేకపోయారు. 2008లో మాట్ ఫ్రీడ్‌మన్ అనే శాస్త్రజ్ఞుడు చూపించాడు. ఇటలీలో బోల్కా కొండ రాళ్ళలో దొరికి, మ్యూజియముల్లో ఎన్నో యేళ్ళుగా పడివున్న సుమారు 5 కోట్ల సంవత్సరాలనాటి శిలాజాలను ఆయన పరీక్షించాడు. పెరిగిన చేపలే, అయినా వొక కన్ను అవతలి పక్కకు పూర్తిగా చేరలేదు. దారిలోనే నిలబడి వున్నది.

పెరిగిన కన్ను దారిలో వుండడం మనకు ఇటలీ పోతేనే కనబడుతుందనుకోకండి. ఇందాక చెప్పిన బర్రె వున్నదే, దాని పై కన్ను నెత్తి అంచుమీదనే ఆగిపోతుంది. గడపమీద కూర్చున్నట్టు. పైగా ఆ జాతిలో కళ్ళు కుడికి చేరినవీ ఎడమకు చేరినవీ దాదాపు సగం సగం వుంటాయి. ఎటు పోవాలో ఇంకా తేల్చుకోని పాత కుటుంబమన్నమాట. పడక చేపలన్నిటిలోనూ పూర్వపు లక్షణాలు యెక్కువ మిగిలినది అదేనని శాస్త్రజ్ఞులు చెబుతారు. నెల్లూరులోనో, విశాఖలోనో చేపల రేవుకు పోయే పాఠకులెవరైనా వుంటే, యీసారి కొనేముందు దాని నెత్తి చూడండి. డార్విన్‌కు కావలసిన సాక్ష్యంలో కొంత మీ సంచీలో పడుతుంది.

1872 అంటే నాకు యింకొకటి గుర్తుకు వస్తుంది. సరిగ్గా ఆ సంవత్సరమే విలియం కింగ్ అనే భూగర్భశాస్త్రజ్ఞుడు కడప, కర్నూలు ప్రాంతాల రాళ్ళను గురించిన పెద్ద గ్రంథం ప్రకటించాడు. వజ్రాలు దొరికే వొక రాతి పొరకు మా వూరి పేరే వున్నది. దానికి పైన వున్న సున్నపురాయి పొరలనుంచి తీసేవే మీ యిళ్ళల్లో పరిచే నాపబండలు. మా యింటి నేలంతా అదే. ఆ రాయి ఎక్కడ తయారైందనుకున్నారు? లోతు తక్కువ సముద్రపు అడుగున, పొర పొరగా. చేప అనే ప్రాణి యింకా పుట్టకమునుపటి సముద్రం అది. అందుకే యెంత వెతికినా ఆ బండల్లో చేప ముల్లు కనబడదు. సముద్రం మాకు దూరమని మొదట అన్నాను గాని, మా అమ్మ రోజూ మధ్యాహ్నం కొంగు పరుచుకుని పడుకునేది సముద్రపు అడుగుమీదనే. నాలుక చేప పడుకునేదీ అక్కడే. తేడా కాలంలోనే.

ఆ అడుగుకే యిప్పుడు కష్టం వచ్చింది. నాలుక చేప వుండేది తీరానికి దగ్గరగా, యేరులు తెచ్చి పోసే బురద, సన్నటి ఇసుక కలిసిన నేలమీద. మరబోట్లు లాగే ట్రాలు వల సరిగ్గా ఆ నేలనే దువ్వుకుంటూ పోతుంది. రొయ్యలకోసం వేసే వల అది, కన్ను సన్నం. రొయ్యతోపాటు నాలుక చేప, దాని పిల్ల, బురదలో వున్న పురుగూ పుట్రా అన్నీ వస్తాయి. పైన ఈదే చేపయితే వలను చూసి పారిపోయే వీలుంటుంది. దీని విద్య అంతా కదలకుండా పడుకోవడం గదా! కదలకపోవడమే దాని ప్రాణం కాపాడుతూ వచ్చింది, యీ వల దగ్గర అదే దాన్ని పట్టిస్తున్నది. "మా అత్త కాలంలో నాలుకలు చేయంత వుండేటివి సారూ, యిప్పుడు యేలంతవి గూడా వొస్తున్నాయి" అన్నది ఆ అవ్వ. ఆ యేలంతవాటిని వేరే కుప్పగా పోసి వుంచారు. అవి మనుషులు తినేదానికి కాదు. ఎండబెట్టి మేతకు పొడి చేస్తారట. మా అమ్మాయి ఆ కుప్ప దగ్గర కూర్చుని, కొలబద్ద పెట్టి వొక్కొక్కదాన్నే కొలిచి నోటుబుక్కులో రాసుకున్నది. గంటన్నరసేపు. పెళ్ళిసంబంధం సంగతి చెబుదామని వచ్చినవాణ్ణి, నోటుబుక్కు పట్టుకుని నిలబడ్డాను.

మన తూర్పు తీరాన ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా 61 రోజులు మరపడవలు సముద్రంమీదికి పోకూడదని నిషేధం వున్నది, చేపలు గుడ్లు పెట్టి పిల్లలు చేసుకునేందుకు వీలుగా. మా తోటల్లో బేనీషాన్ పండ్లు దిగే రోజులూ అవే. యిక్కడ బండ్లు కదులుతుంటే అక్కడ పడవలు ఆగి వుంటాయి. రెండు నెలలు సరిపోతుందా అని మా అమ్మాయిని అడిగితే, "చేపను బట్టి నాన్నా. అన్నీ వొకే నెలలో పురుడు పోసుకోవు గదా" అన్నది. ఇరవై యేళ్ళ పిల్ల, తండ్రితో పురుళ్ళ సంగతి యింత మామూలుగా మాట్లాడడం మా యింట్లో అదే మొదలు.

సంక్రాంతికి అది వూరికి వచ్చినప్పుడు మా అమ్మ పక్కన కూర్చుని ఏవో చెబుతున్నది. నేను పరీక్ష పేపర్లు దిద్దుకుంటూ వింటున్నాను. కేరళ తీరంలో వుండే వొక చిన్న నాలుక చేపను గురించి. దాన్ని 'మాంతల్' అంటారు. వానాకాలం వెళ్ళీ వెళ్ళగానే గుంపులు గుంపులుగా పడుతుంది. 1950ల తొలినాళ్ళలో కోళిక్కోడు పరిశోధన కేంద్రంలో శేషప్ప, భీమాచార్ అనే యిద్దరు శాస్త్రజ్ఞులు దాని పొలుసులను సూక్ష్మదర్శినితో చూశారు. చెట్టు మానులో యేటేటా వలయం పడుతుందే, అట్లా చేప పొలుసుమీద కూడా గీతలు పడతాయి. చలిదేశాల్లో శీతాకాలం వచ్చి చేప పెరుగుదల ఆగినప్పుడు గీత పడుతుంది. మన వేడి సముద్రాల్లో శీతాకాలమేది? అయినా గీత వున్నది. యెప్పుడు పడుతున్నదని చూస్తే నైరుతి వానల్లో. ఆ నెలల్లో నదుల నీళ్ళన్నీ వచ్చిపడి, అడుగు బురదలో వుండే పురుగులు నశించిపోతాయి, చేపకు తిండి వుండదు, పెరగదు, గీత పడుతుంది. అది ఆకలి గీత.

మా అమ్మ కాళ్ళు చాపుకుని కూర్చున్నదల్లా సర్దుకుని కూర్చున్నది. మా అమ్మ పుట్టిన కొద్ది రోజులకే, 1952లో, సీమలో పెద్ద కరువు. వాళ్ళమ్మ చంకలో పిల్లను పెట్టుకుని గంజి కేంద్రం దగ్గర వరుసలో నిలబడిన సంగతి మా యింట్లో పండగరోజు కూడా చెప్పుకుంటారు. అన్నం పారేయబోతే మరీ చెప్పుకుంటారు.

"వాన రాకపోతే గదా కరువు. వానొస్తే కరువేంది, విడ్డూరం గాకపోతే!" అన్నది.

"దానికి అంతే అవ్వా. మనకు యెండ, దానికి వాన."

మా అమ్మ కాసేపు వక్క నములుతూ వూరుకున్నది. తర్వాత, "యెన్ని గీతలుంటాయి దానికి?" అని అడిగింది.

"వొకటి, రెండు. వలలో పడేవన్నీ చిన్న వయసువే. మూడోది చూసినవి శానా తక్కువ."

"కండ్లతో కనపడతాయా?"

"కనపడవు. కంటికి అద్దం గావాల."

"మల్లొచ్చేటప్పుడు ఆ అద్దం యేసకరా. పొలుసు గూడా తీసకరా, మర్సిపోతావేమో," అన్నది మా అమ్మ. ఉగాదికి తెస్తానని మా అమ్మాయి చెప్పింది. కాలేజీ సూక్ష్మదర్శిని యింటికి యివ్వరు గనుక, పొలుసు ఫోటో అయినా పెద్దదిగా తీయించి తీసుకువస్తానని నాతో వేరుగా అన్నది.